పొట్టేలు ఒప్పుకోవాలి

ఎస్సై కళ్లెదుటే పొట్టేలును కోసెయ్యాలని పెద్ద ఈరన్న పథకం వేశాడు.

గుళ్ల దగ్గర జంతుబలులు కూడదన్న చట్టాన్ని పోలీసులు గట్టిగా పట్టుకుని నాలుగేళ్లయింది. అప్పట్నుంచీ ఊళ్లో మారెమ్మ జాతర టెంకాయలతోనే సరిపెట్టుకుంటోంది. కానీ ఈరన్న నిరుడు జ్వరంతో మంచం పట్టినప్పుడు, లేచి తిరిగితే పొట్టేలునిస్తానని ఊరంతా వినేలా మొక్కుకున్నాడు. ఇప్పుడు మాట తప్పితే ఊళ్లో తలెత్తుకోలేడు.

అందుకే ఆలూరు వెళ్లి ఎస్సై ముందు చేతులు కట్టుకున్నాడు.

"కోసేది లేదు సామీ. గుడి ముందర నిలబెట్టి ఇంత పసుపునీళ్లు పోసుకుంటాం. దానికన్నా పర్మిషను ఇయ్యండి."

"నీళ్లు పోసుకుంటే నాకేం? కత్తి కనబడిందంటే మాత్రం లోపలేస్తా. నేనే వచ్చి కూర్చుంటా," అన్నాడు ఎస్సై.

ఈరన్న లోలోపల నవ్వుకున్నాడు. పసుపునీళ్లు పడగానే పొట్టేలు ఒళ్లు విదిలిస్తే అమ్మవారు ఒప్పుకున్నట్టు. ఆ మరుక్షణం, పక్కనే కంబళి కప్పుకుని నిలబడే తన మనిషి కంబన్న దాని కింది నుంచి కత్తి తీస్తాడు. ఎస్సై కుర్చీలోంచి లేచేలోపు మొక్కు తీరిపోతుంది. ఆ తర్వాత జైలైనా సరే. తాడిని తన్నేవాడుంటే వాడి తలదన్నేవాడుంటాడు మరి!

భార్య సిద్దమ్మ భక్తి చూస్తే అతనికి మరీ ధైర్యం. ఆ పొట్టేలును పిల్లప్పటి నుంచి పాలుపట్టి పెంచింది ఆమే. అయినా మొక్కు సంగతి విని కన్నీళ్లు పెట్టలేదు, ఎదురు చెప్పలేదు. "దేవుని సొమ్ము, శుబ్బరంగా ఉండాల" అంటూ రోజూ తెల్లారగానే దానికి పసుపునీళ్ల స్నానం చేయించేది. మొదట్లో అది విదిలించిన విదిలింపుకు ఆమె చీరంతా పచ్చగా తడిసిపోతే ఈరన్న పగలబడి నవ్వేవాడు.

జాతర రోజు ఎస్సై గుడి ముందు కుర్చీ వేసుకుని కూర్చున్నాడు. పూజారి శేషన్న చెంబెడు పసుపునీళ్లు పొట్టేలు వీపు మీద పోశాడు. అది కదల్లేదు.

ఇంకో చెంబు పోశాడు. చెవి కూడా ఆడించలేదు. చివరికి బిందె తెచ్చి కుమ్మరించారు. పొట్టేలు కళ్లు మూసుకుని హాయిగా నెమరేసింది. కంబళి కింద కంబన్న చెయ్యి తిమ్మిరెక్కింది.

"ఏమప్పా ఈరన్నా, అమ్మ వద్దంటాండాది," అన్నాడు శేషన్న. "నీ మొక్కు ఇడిసిపెట్టింది. ఇంగ దీని మీద ఎవురూ కత్తెత్తకూడదు."

ఆ ఊరి కట్టుబాటు అంతే. ఎస్సై మజ్జిగ తాగి, "మీ అమ్మవారికి చట్టం బాగా తెలుసే!" అని నవ్వుతూ వెళ్లిపోయాడు. ఈరన్నకు పరువు దక్కింది గానీ ముక్క దక్కలేదు.

మర్నాడు పొద్దున పొట్టేలు ఒళ్లు పొడిగా ఉంది. తీరిగ్గా జొన్న చొప్ప నములుతోంది. సిద్దమ్మ పొయ్యి దగ్గర రొట్టెలు తడుతోంది.

"ఏమే, ఈ పొద్దు దానికి నీళ్లు పొయ్యలేదే?" అన్నాడు ఈరన్న.

సిద్దమ్మ తల తిప్పకుండానే రొట్టె తిరగేసింది.

"ఇంగేటికి? నీళ్లు పడినా కదలకుండా నిలబడేది నేర్చుకునింది గదా!"