మెడ పట్టుకుని పాడే పాట

తండాలో వేసవి పాటల పండుగ. మైదానం నిండా పిల్లలు, పెద్దలు. వేదికెక్కిన సుక్కి మైకును పక్కకు నెట్టింది.

"ఢావ్లో పాడుత. అత్తగారింటికి పోయే పిల్ల అయినోళ్ల మెడ పట్టుకొని ఏడ్సే పాట. గీ మైకుకు మెడేడుంది? నవ్యా, ఇటు రాయే!"

జనం నవ్వారు. మనుమరాలు నవ్య సిగ్గుపడుతూ వచ్చింది.

"పెండ్లయ్యేది నాకు అమ్మమ్మా! నేను గద పాడాలె?"

"అందుకే ఇని నేర్సుకో."

"పెండ్లి మాఘంల. ఇప్పుడే ఏం తొందర?"

సుక్కి ఆమె మెడ చుట్టూ చేతులేసి పాట ఎత్తుకుంది. మొదటి చరణానికే ఆమె భుజం అమ్మమ్మ కన్నీళ్లతో తడిసింది. నవ్య నవ్వు ఆగిపోయింది.

"పోయేటోళ్లే గద గిది పాడేది," అంది మెల్లగా. "నిన్న దవాఖానల నన్ను బయట కూసోబెట్టి, డాక్టర్ నీకేం చెప్పిండు?"

సుక్కి ఆ మెడను ఇంకా గట్టిగా పట్టుకుని, రెండో చరణం అందుకుంది.