ఒక పేరుకు ఒక్కరే

డేవిడ్ మోస్ కారు తలుపు ధడాలున వేసి, సినిమావాళ్ల వృద్ధాశ్రమంలోకి విసవిసా నడిచాడు. డెబ్బై దాటినా ఆ కోపం మాత్రం చెక్కుచెదరలేదు.

ముందుగదిలో అమ్మాయి అతణ్ణి చూసి లేచి నిలబడింది.

"మీరు పోలీసు సీరియల్లో శవాలు కోసే డాక్టరు కదూ? కాదు కాదు, జైల్లో దొంగ! అయ్యో, పేరు నోట్లోనే ఆడుతోందండీ!"

"ఆడనీ," అంటూ మోస్ సాగిపోయాడు.

లాస్ ఏంజెలెస్‌లో యాభై ఏళ్లుగా ఇదే వరస. జడ్జి, హంతకుడు, సెనేటరు, కసాయి, ఒక హాస్య సీరియల్లో ఏళ్ల తరబడి పక్కింటి పిసినారి. అతని మొహం తెలియని ఇల్లు లేదు. పేరు ఒక్కరికీ గుర్తుండదు. గుర్తున్నా ఏం లాభం? అది అతని పేరు కాదు.

అసలు పేరు ఓర్విల్ క్రేన్. నటుల సంఘంలో ఒక పేరుకు ఒక్కరే ఉండాలని నియమం. చేరబోయిన రోజున, ఆ పేరుతో ఒకాయన ముందే ఉన్నాడన్నారు. వెనక వచ్చినవాడే మార్చుకోవాలి. మోస్ కిటికీలోంచి చూసి, రోడ్డవతలి చెప్పుల దుకాణం బోర్డు మీదున్న పేరు రాసిచ్చాడు. ఆ రోజు మొదలైన మంట ఇంకా ఆరలేదు.

ముందొచ్చిన ఆ ఓర్విల్ క్రేన్ చేసింది ఒకే ఒక్క సినిమా. గుర్రబ్బండి తోలుతాడు, తుపాకీ పేలుతుంది, పడి చస్తాడు. అంతే. సంఘంలో పేరు మాత్రం వదల్లేదు. గడ్డివాము దగ్గర కుక్క సామెతే.

వచ్చే శనివారం మోస్‌కు జీవితకాల పురస్కారం ఇస్తున్నారు. దాని మీదైనా తన పేరు ఉండాలి. పేరు వదులుకుంటున్నానని, ఈ ఆశ్రమంలోనే ఉంటున్న ఆ ముసలి క్రేన్ సంఘానికి ఫోన్ చేస్తే చాలు.

తొంభై దాటిన ముసలాయన చక్రాల కుర్చీలో కూర్చుని చెంచాతో జెల్లీ తింటున్నాడు.

"మళ్లీ వచ్చావా?"

"వస్తా. నువ్వు చచ్చేదాకా వస్తా. ఆ పేరు వదిలెయ్."

"వదల్ను."

"ఏం చేసుకుంటావ్ దాంతో? ఊరేగుతావా?"

"నీకేమయ్యా, బోలెడు పేర్లు. నిన్న టీవీలో గవర్నరువి. నాకున్నది అదొక్కటే. అదీ ఇచ్చేస్తే నేనెవణ్ణి?"

"బండి మీంచి దొర్లిపడ్డవాడివి!" మోస్ అరిచాడు. "ఐదు నిమిషాల వేషం! నీ మూలాన నేను జీవితమంతా ఎవడిదో చెప్పుల కొట్టు పేరు మోశాను. సిగ్గు లేదూ నీకు?"

"బాగా పడ్డాను గానీ," అన్నాడు ముసలాయన. "డూపు లేకుండా పడ్డాను. నువ్వే, ఏ సినిమాలోనూ సరిగ్గా పడవు. చేతులు ముందు పెట్టేస్తావు."

మోస్‌కు ఒళ్లు మండిపోయింది. జెల్లీ గిన్నె లాగి అవతల పెట్టాడు.

"అన్నీ చూశావన్నమాట."

"ఒక్కటీ వదల్లేదు."

"చూసి కూడా, ఇన్నేళ్లలో ఒక్క ఫోన్ చెయ్యాలనిపించలేదా?"

ముసలాయన కిటికీ వైపు మొహం తిప్పుకున్నాడు. అరుపులు విని నర్సు పరుగెత్తుకొచ్చింది.

"ఏమిటండీ ఈ గోల? లోకంలో ఇన్ని పేర్లుండగా, పెద్దాయన పేరు కోసమే పడి చస్తున్నారేం?"

మోస్ ఆమె వైపు చూడనే లేదు. కుర్చీ చేతులు రెండూ గట్టిగా పట్టుకుని, ముసలాయన మొహంలోకి వంగి అరిచాడు.

"నీ పేరే నాకు పెట్టి, నాకు నడకైనా రాకముందే ఇల్లొదిలి పోయావు, నువ్వు నాకు మిగిల్చింది ఆ పేరొక్కటే కదా నాన్నా!"