ఎకార్ట్ రెండో శిక్ష

బీరు హాల్లోకి వచ్చి ఎకార్ట్ పలకరింపుగా బల్ల మీద తట్టాడు.

తిరిగి ఒక్కరూ తట్టలేదు.

ఒకప్పుడు ఆయన నవల వచ్చిందంటే పుస్తకాల షాపు ముందు జనం బారులు తీరేవారు. ఇంతలో తూర్పు జర్మనీ ప్రభుత్వాన్ని ఎగతాళి చేస్తూ ఓ కథ మారుపేరుతో పశ్చిమ జర్మనీ పత్రికలో వచ్చింది. రాసింది నేనేనని ఒప్పుకుని జైలుకెళ్ళాడు. ఆయన నవలలు లైబ్రరీల్లోంచి మాయమయ్యాయి. ఇప్పుడు బాయిలర్ల దగ్గర బొగ్గు ఎత్తుతున్నాడు.

"ఏం రచయితగారూ, మూడేళ్ళ శిక్ష పడితే ఏడాదికే వదిలేశారే! ఎవరెవరి పేర్లు అమ్ముకొచ్చారేంటి?" అన్నాడు మాంసం కొట్టు లోథార్.

అందరూ గొల్లున నవ్వారు. నిప్పు లేనిదే పొగ రాదంటారు గానీ, ఆ నిప్పు ఎవరింట్లో ఉందో చూసేవాళ్ళు తక్కువ.

"గెజీనెకి మెడిసిన్ సీటు సంగతి తేలిందా?" నెమ్మదిగా అడిగాడు ఎకార్ట్.

"నా కూతురి పేరు నీ నోట రాకూడదు! నీ నీడ పడితే వచ్చిన సీటు కూడా ఊడుతుంది."

"అయితే వచ్చిందన్నమాట."

"వచ్చింది. సెప్టెంబర్లో చేరుతుంది. ఇక దయచెయ్!"

ఎకార్ట్ వెనక్కి తిరిగాడు. ఎదురుగా తలుపు తోసుకుని ఇద్దరు రహస్య పోలీసులు వచ్చారు.

"ఎకార్ట్‌గారూ, మీరు లోపలుండగానే అదే మారుపేరుతో ఇంకో కథ వచ్చింది. అంటే మొదటిదీ మీది కాదు. అందుకే వదిలాం. అసలు మనిషి పేరు చెప్పండి, మీ నవలలన్నీ మళ్ళీ అచ్చు వేయిస్తాం."

ఎకార్ట్ మసి పట్టిన తన చేతులకేసి చూసుకున్నాడు. రచయితకి అంతకన్నా పెద్ద ఆశ ఎవరు చూపించగలరు?

"రెండోదీ నాదే. జైల్లో రాసి దొంగచాటుగా పంపాను."

"బాగా ఆలోచించుకోండి. ఈసారి పదేళ్ళు."

"ఆలోచించే చెబుతున్నాను."

ఆయన్ని తీసుకుపోయారు.

లోథార్ ఇంటికెళ్ళి, రొట్టె మీద వెన్న రాసుకుంటూ కూతురికి జరిగిందంతా చెప్పాడు.

"పీడా వదిలింది. జైల్లో కూర్చుని కూడా రాశాడట, పొగరు!"

గెజీనె ఏడుపు ఆపుకోలేకపోయింది.

"ఆయన్ని విడిపించడానికే నాన్నా, నేను ఆ రెండో కథ రాసింది... ఆయనకొక్కరికే తెలుసు, మొదటిదీ నాదే."