చీకట్లో పెట్టిన ముద్ద

వ్యాన్ తలుపు తీసేసరికి వెనక సీట్లో ఒక ముసలావిడ కూర్చుని ఉంది. ఒళ్లో వెదురుబుట్ట, దానిమీద గళ్ల తువ్వాలు.

గైడు ఫల్కున్‌కి ఒళ్లు మండింది.

"ఎవర్రా ఈవిడ?" అన్నాడు డ్రైవర్ హోన్‌తో.

"మా వీధి యాన్ అవ్వ, అన్నా. ప్చుమ్‌బెన్ ఆఖరి రోజు కదా, పోయినవాళ్లకి ముద్దలు పెట్టుకోవాలి. గుళ్లన్నీ తిరగాలట. పండగపూట ఒక్క బండీ దొరకలేదు."

"ఇది టూరిస్టుల బండిరా, పెళ్లివారి బండి కాదు!"

"ఓ మూల పడి ఉంటాను నాయనా," అంది అవ్వ. "మీరెక్కడ ఆగితే అక్కడే దిగుతాను. నోరెత్తను."

అప్పటికే విదేశీయులు ఎక్కుతున్నారు. వాళ్ల ముందు రభస ఎందుకని ఫల్కున్ పళ్లు బిగించి ఊరుకున్నాడు.

ఆ రోజు అతనికి చావో రేవో. బాఖెంగ్ కొండమీదికి కొంతమందినే వదులుతారు. ఆలస్యమైతే కిందనుంచే వెనక్కి పంపేస్తారు. మొన్న తీసుకొచ్చినవాళ్లు సూర్యాస్తమయం చూడలేకపోయామని కంపెనీకి ఫిర్యాదు చేశారు. అంతకు ముందువాళ్లూ చేశారు. మళ్లీ ఇలా అయితే ఇంక నువ్వు రానక్కర్లేదని కంపెనీవాళ్లు మొహంమీదే చెప్పేశారు.

ఆకాశం విరిగి మీద పడినా సరే, ఇవాళ వీళ్లని కొండెక్కించి తీరాలనుకున్నాడు ఫల్కున్.

అంగ్‌కోర్ వాట్‌లో అవ్వ అన్నమాట ప్రకారం నోరెత్తలేదు. మాయమైపోయింది.

వెతగ్గా వెతగ్గా ఒక చీకటి గదిలో కనిపించింది. నువ్వులు కలిపిన అన్నంముద్ద మూలన పెట్టి ఎవరినో పేరు పెట్టి పిలుస్తోంది. కాసేపు ఆగి మళ్లీ పిలిచింది.

"ఆ పెట్టేదేదో బయట పెట్టి రావచ్చుగా అవ్వా?"

"వెలుతురంటే వాళ్లకి బెదురు నాయనా. చీకట్లో పెడితేనే వస్తారు."

బాయోన్‌లోనూ అంతే. తా ప్రోమ్‌లోనూ అంతే. ప్రతిచోటా అవ్వ కోసం ఆగడం, ఫల్కున్ చిందులు తొక్కడం, హోన్ తల గోక్కోవడం.

"ఊరినిండా పగోడాలున్నాయి. నీకు ఈ రాళ్లగుళ్లే కావాల్సొచ్చాయా?" అన్నాడు వ్యాన్‌లో, ఉండబట్టలేక.

"ఊళ్లకి ఊళ్లు చంపేసిన ఆ నల్లబట్టల సైన్యం కాలంలో పగోడాలన్నీ పాడుపెట్టారు కదయ్యా. అప్పుడు పోయినవాళ్లకి దిక్కు ఈ గుళ్లే. తర్వాత కట్టిన పగోడాల దారులు వాళ్లకేం తెలుసు?"

ఫల్కున్ వాచీ చూసుకున్నాడు.

"నీవాళ్లకి పెట్టావా?" అంది అవ్వ.

"నాకు తీరికేదీ? పండగపూటే నాకు పని."

"ఎవరు పోయారు?"

"మా నాన్న. నేను అమ్మ కడుపులో ఉండగా పట్టుకుపోయారు. ఏ ఊళ్లో పోయాడో తెలీదు, ఏ రోజు పోయాడో తెలీదు. ఎక్కడికని వెళ్లి పెట్టను?"

"పేరు?"

"సారేత్," అన్నాడు విసుగ్గా.

ఆ పేరు బయటికి అని చాలా ఏళ్లయింది. అన్నందుకు తనమీద తనకే కోపమొచ్చింది. కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చున్నాడు.

బాన్తే క్‌డై చేరేసరికి ఎండ వాలుతోంది. ఇక కొండ ఒక్కటే మిగిలింది.

"ఇక్కడ ఎక్కువసేపు ఆగం. విన్నావా అవ్వా?"

"విన్నాను నాయనా."

విన్నది విన్నట్టే ఉంది. అందరూ వచ్చి వ్యాన్‌లో కూర్చున్నారు, అవ్వ తప్ప.

ఫల్కున్ లోపలికి పరిగెత్తాడు. వసారా చివర చీకట్లో మోకాళ్లమీద కూర్చుని ఉంది.

"లే అవ్వా, పద! కొండ దగ్గర గేటు వేసేస్తారు!"

"ఇంకా రాలేదు నాయనా. ఇంకొక్కసారి పిలుస్తాను."

"ఆ వచ్చేవాళ్లు వచ్చేలోగా నా ఉద్యోగం పోతుంది! వస్తావా, రావా?"

"నువ్వెళ్లు." అవ్వ వెనక్కి తిరగలేదు. "ఈయన్ని ఆకలితో పంపను."

"నీ ఇష్టం!" అని ఫల్కున్ వచ్చేశాడు.

"పెద్దావిడ రాలేదే?" అంది ఒక విదేశీ అమ్మాయి.

"ఆవిడ ఈ ఊరి మనిషే. దారి తెలుసు." హోన్ వైపు తిరిగాడు. "పోనివ్వరా!"

హోన్ ఏదో అనబోయి, ఫల్కున్ మొహం చూసి బండి తీశాడు.

వేళకి చేరారు. అందరినీ కొండమీదికి వదిలారు. అప్పటికి పొద్దు ఇంకా చెట్లమీదే ఉంది. గుంపులో ఒకాయన ఫల్కున్ చెయ్యి పట్టుకుని ఊపాడు. అనుకున్నది సాధించాడు. అయినా మనసు మనసులో లేదు. ముసలిదాన్ని వదిలేసి వచ్చాను అన్న మాట పీకుతూనే ఉంది.

"వీళ్లని కాస్త చూస్తుండు," అని తోటి గైడుకి అప్పగించి దిగాడు. కాపలావాడి మోటార్‌సైకిల్ అడిగి తీసుకుని వచ్చినదారినే వెనక్కి దౌడు తీశాడు.

బాన్తే క్‌డైలో బుద్ధుడి దగ్గర తెల్లబట్టల సన్యాసిని ఒకావిడ ఊదొత్తుల బూడిద ఊడుస్తోంది.

"అమ్మా, ఇక్కడో అవ్వ ఉండాలి..."

"యాన్ అవ్వా? ఇప్పుడే ఎవరిదో కట్టెల బండి ఎక్కి వెళ్లిపోయింది బాబూ."

"తనవాళ్లకి పెట్టుకోవడం అయిందా మరి?"

"తనవాళ్లా!" సన్యాసిని చీపురు ఆపింది. "ఆవిడకి ఎవరూ లేరు. పెట్టే దిక్కులేని వాళ్లకి ఏటేటా ఆవిడే పెడుతుంది. ఇవాళ తెచ్చిన ముద్దలన్నీ ముందు గుళ్లలోనే అయిపోయాయట. తను తినడానికని మూట కట్టుకున్న అన్నం విప్పి ఇక్కడ ముద్ద చేసింది."

"ఎవరికి?"

"నాకేం తెలుసు బాబూ? 'సారేత్ నాయనా, నీ కొడుకు పనిలో ఉన్నాడు, వాడిమీద కోపం పెట్టుకోకు, ఈ పూటకి నా చేతి ముద్ద తిను' అని ఇందాకటిదాకా పిలుస్తూనే ఉంది."