ఆటకు ముందు

భర్త కాలు ఊపుతూ మళ్లీ నియమాల పేజీ తెరిచాడు. సెలవురోజు మధ్యాహ్నం చెరో లాప్‌టాప్ ముందేసుకుని, పాతకాలపు రాజ్యాలు ఏలే ఆట ఆడుకోవడం ఆ ఇద్దరికీ అలవాటు. ఏ రాజ్యంలో ఏం జరగొచ్చో, ఏం జరగకూడదో ముందుగా సెట్ చేసేది ఎప్పుడూ అతనే.

"ఇంకా ఎంతసేపు? సింహాసనం ఎక్కేలోపే నా రాణి ముసలిదైపోయేలా ఉంది," అంది భార్య.

అతను మహమ్మారి తీసేశాడు. విషప్రయోగాలు తీసేశాడు. వారసత్వం దగ్గర 'కొడుకులకే' అని ఉంటే 'ఎవరికైనా' అని మార్చాడు.

"కష్టం లేకపోతే అదేం ఆట అని కోతలు కోసేది నువ్వేగా. ఇవాళేంటి ఇలా మెత్తబడ్డావు?"

అతను పేజీ కిందికి జరిపి 'పసిపిల్లల మరణాలు' దగ్గర ఆగాడు. 'ఉండవు' అని నొక్కాడు. సరిగ్గా పడిందో లేదోనని ఇంకోసారి చూసుకున్నాడు.

ఆమె లేచి వచ్చి, అతని చేతి కింది మౌస్ లాక్కుని, దాన్ని తిరిగి 'మామూలు'కు మార్చేసింది. ఆట మొదలుపెట్టే బటన్ కూడా తనే నొక్కింది.

"పోయినసారి నేను కడుపుతో ఉన్నప్పుడు కూడా ఇలాగే తీసేశావు. ఏం ఆగింది?" అంది. "ఈసారి ఉండనీ."