యాకమ్మ చెప్పని పేరు

ఇటు జరగండి బిడ్డా, ఇంకొంచెం దగ్గరికి. ఇది గొంతు పెంచి చెప్పే కథ కాదు. ఒక చెవి ఇటు పెడితే చాలు.

"మైకు నా మూతికాడ పెడితె నేను ఆడ్నే పడిపోత," అంటున్నది యాకమ్మ. హనుమకొండ పోయే కారు అప్పుడే వర్ధన్నపేట దాటింది. వెనక ఆమె, పక్కన మనవరాలు కావ్య. ముందు సీట్లో తెల్ల ధోవతి, తెల్ల లాల్చీ, మెడలో ఎర్ర కండువాతో పెళ్లికొడుకులా మొగిలయ్య.

"ఒక్క పేరు చెప్పుడే కదా అమ్మమ్మా! పాట ఎవలకోసం కట్టినవో చెప్పాలె, అంతే."

"పాడింది నువ్వు. నువ్వే చెప్పు."

"కట్టింది నువ్వాయె!"

ముందు సీట్లోంచి మొగిలయ్య వెనక్కి తిరిగాడు. "ఎందుకే పిల్లను సతాయిస్తవ్? అందరికీ తెలిసిందే. నువ్వు జర నోరు తెరువు, సాలు."

ఆ పాట ముచ్చట మీకు తెలియంది కాదు. చిన్నప్పుడు అమ్మమ్మ నోట విన్న పాటకు కావ్య గిటారు కట్టి, హనుమకొండలో కాలేజీ ఫంక్షన్‌లో పాడింది. అది ఫోన్లెక్కి ఊళ్ళు తిరిగి, చివరికి మన దేశపు ఆడపిల్లల ఖోఖో జట్టు చెవిన పడింది. ఖోఖోలో తరిమే జట్టు వరసగా ముడుచుకొని కూర్చుంటుంది కదా, వెనక నుంచి చెయ్యి పడగానే లేచి ఉరకాలి. అలాంటి వాళ్లకు ఆ పాట అచ్చం కొలతిచ్చి కుట్టించినట్టే కుదిరింది. ఇంకేం, జట్టు గీతం అదే అయింది. ప్రతి ఆటకు ముందు భుజాల మీద చేతులేసుకొని పాడతారు.

కూసున్నది చాలు, లే!
ముడిచిన రెక్క విప్పు, లే!
ఉత్త గూడు నీకెందుకు?
వాకిట్ల నూకలున్నయ్, లే!

పాడేటప్పుడు కావ్య 'నూకలు' తీసేసి 'వెలుగులు' పెట్టింది. మిగతాదంతా యాకమ్మదే.

ఇక మొగిలయ్య సంగతి. వయసులో ఉన్నప్పుడు సర్పంచి ఎన్నికలో నిలబడ్డాడు. వెంకట్రాజం చేతిలో ఓడాడు. ఊరికి మొహం చూపించలేక, మరిపెడలో అక్క ఇంటికి పోతున్నానని చెప్పి బయలుదేరినవాడు, బస్సెక్కకుండా వెనక దారిన తన కొట్టంలోనే దూరాడు. గడ్డిమోపులు, విరిగిన నాగలి, గంపలో కోడి, వాటి మధ్య ఈయన. తెల్లారి కొట్టం తలుపు దగ్గర యాకమ్మ గొంతు వినిపించింది. ఈ పాటే. మొగిలయ్యకు ఒళ్ళు జలదరించింది. ఎవరికీ చెప్పకుండా దాక్కున్నా పెళ్ళాం మనసు కనిపెట్టిందే అని కళ్ళు తుడుచుకొని గడ్డిలోంచి లేచాడు. ఆయన్ని చూసి యాకమ్మ కెవ్వున అరిచింది. సంతోషం పట్టలేక అరిచిందని మొగిలయ్య చెబుతాడు. ఆ లేచిన ఊపులోనే రోడ్డు మీద చాయ్ హోటల్ పెట్టాడు, పిల్లల్ని సాకాడు, పెళ్ళిళ్ళు చేశాడు. హోటల్లో చాయ్ తాగినవాళ్ళందరికీ ఈ కథ ఉచితం.

వెంకట్రాజం మాత్రం రోజూ చాయ్ ఊదుకుంటూ ఒకటే మాట. "పాటల నీ పేరేదన్నా? వదినె తన నోటితోని చెప్తె నమ్ముత. లేకుంటె యాటపోతును కోసి ఊరందరికి దావతు పెట్టుడు నీదే."

"చెప్తది! స్టేజీ మీదనే చెప్తది. అప్పుడు దావతు నువ్వే ఇయ్యాలె!" అని మొగిలయ్య మండలమంతా చాటాడు. ఇప్పుడు హనుమకొండ మైదానంలో మొదటి వరసలో వెంకట్రాజం కాళ్ళు చాపుకొని కూర్చున్నాడు, చెయ్యి చెవికి ఆనించి మరీ.

ఫైనల్ ఆటకు ముందు స్టేజీ మీద జట్టు కెప్టెన్ దీప్తి శాలువా పట్టుకొని నిలబడింది. ఎవరికోసం పాట పుట్టిందో వాళ్ళకే శాలువా.

"చెప్పండి అమ్మమ్మా. అంత నిరాశలో కూర్చుండిపోయిన ఆ మనిషి ఎవరు?"

యాకమ్మ మొగుడి వైపు చూసింది. జాతరలో మిఠాయి కొట్టు ముందు పిల్లాడిలా ఉన్నాడు. కళ్ళల్లో నీళ్ళు తిరుగుతున్నాయి. వెంకట్రాజం వైపు చూసింది. నోరు తెరిచింది. మూసింది. కొంగు తీసి మూతికి అడ్డం పెట్టుకుంది. లోపల్నుంచి నవ్వు తన్నుకొచ్చి భుజాలు ఎగిరెగిరి పడ్డాయి.

"అయ్యో, నాకు సమజైంది!" దీప్తి చప్పట్లు కొట్టింది. "మా నానమ్మ గూడ ఇంతే. పెనిమిటి పేరు సచ్చినా పలకదు!"

మైదానం ఈలలతో అదిరిపోయింది. శాలువా మొగిలయ్య భుజాలెక్కింది. ఆడపిల్లలంతా చుట్టూ మూగి పాట ఎత్తుకున్నారు. పెద్దా చిన్నా లేచి నిలబడి గొంతు కలిపారు. వెంకట్రాజం కూడా లేచి అరిచాడు. "మొగిలన్నా, గెలిచినవే! యాటపోతు నాదే!"

ఆ ఊపులో మన పిల్లలు కప్పు కొట్టుకొచ్చారు.

తిరుగు దారిలో అంత ఉక్కలోనూ మొగిలయ్య శాలువా తియ్యలేదు.

"ఏమే, ఇయ్యాల ఒక్కసారి నా పేరు చెప్తె ఏమైతుండె?"

"నోరు తెరిస్తె నీకే మంచిగ కాదయ్యా."

మొగుడి ఆయుష్షు కోసం ఎంత నియమం అని మొగిలయ్య మురిసిపోయాడు. పాట కూనిరాగం తీస్తూ నిద్రపోయాడు. యాకమ్మ మళ్ళీ కొంగు అడ్డం పెట్టుకుంది.

అదీ కథ. మరిచిపోకండి బిడ్డా. ఆ పిల్లలు గెలిచినప్పుడల్లా నలుగురికీ చెప్పండి. మొగిలయ్య హోటల్లో చాయ్ తాగేటప్పుడు మాత్రం ఈ చివరి ముక్క మింగెయ్యండి.

యాకమ్మ ఆ పాట కట్టింది, ఉత్త గంప దిగని కోడిపెట్టకు.