ఐసులో దాచిన గుడ్డు బిస్కత్తు

"మజ్జిగ పోస్తివా?"

"పోయాల్నా?" అంది లూదియా.

జయరాజు తల పట్టుకున్నాడు. ఆ మాట చెప్పి అర నిమిషం కూడా కాలేదు.

నంద్యాల మిషన్ కాంపౌండులో గెస్టుహౌసు వంటమనిషి ఉద్యోగం అతని భార్య లూదియాది. వెనకాల ఉన్న రెండు గదుల ఇల్లు ఆ ఉద్యోగంతో వచ్చినదే. జయరాజు జీపు నడపడం మానేసి చాన్నాళ్లయింది. ఆమె పని పోతే ఇల్లూ పోతుంది. ఆ తర్వాత ఇద్దరికీ దిక్కు ఆళ్లగడ్డలో మరదలి ఇంటి వరండా.

ఇప్పుడా ఉద్యోగానికే ఎసరొచ్చింది. ఆదివారం అమెరికా నుంచి మిషన్ దొరసాని ఒకామె వస్తోంది. పొద్దున ఫలహారానికి గుడ్డు బిస్కత్తే కావాలని ముందుగానే చెప్పి పంపిందట. డోన్ నుంచి కొత్తగా వచ్చిన సూపరింటెండెంటు రాజరత్నం గారు జయరాజును పిలిపించారు.

"లూదియమ్మకు చేయడం వస్తుందా? పప్పులో ఉప్పే సరిగ్గా వేయడం లేదామె. రాదంటే ఇప్పుడే చెప్పు, కోయిలకుంట్ల నుంచి ఇంకొకామెను పనికి రప్పిస్తాను."

"ఎందుకు రాదు సార్? బ్రహ్మాండంగా చేస్తాది."

అనైతే అనేశాడు. ఇంటికి రాగానే లూదియాను పొయ్యి ముందు కూర్చోబెట్టాడు.

గుడ్డు బిస్కత్తంటే అంగట్లో దొరికే కరకరలాడే బిస్కత్తు కాదు. మైదాలో వెన్న నలిపి, సోడా వేసి, మజ్జిగ పోసి, మడతలు పెట్టి, గ్లాసు అంచుతో గుండ్రంగా కోయాలి. ఇసుక పోసిన దబరలో పెట్టి, మూత మీద కూడా నిప్పులు వేసి కాల్చాలి. మెత్తగా, పొరలు పొరలుగా పొంగుతుంది. దాన్ని రెండుగా విడదీసి మధ్యలో మిరియాల పొడి చల్లిన గుడ్డట్టు పెట్టాలి. ఇదంతా జయరాజుకు ఎవరూ కూర్చోబెట్టి చెప్పలేదు. జీపు నడిపే రోజుల్లో గెస్టుహౌసు వంటింటి గడపలో టీ తాగుతూ చూసిందే.

ఆ చూసిన చదువును ఇప్పుడు భార్యకు ఎక్కించాలని చూస్తున్నాడు. ఎక్కడం లేదు. ఉప్పు రెండుసార్లు వేసింది. సోడా మరిచిపోయింది. మొదటి వాయి రాళ్లయింది. రెండోది మాడి బొగ్గయింది.

"ఎన్నిసార్లు చెప్పాల మే నీకు? బుర్ర యాడ పెట్టినావు?"

లూదియా పిండి చేతులతోనే కళ్లు తుడుచుకుంది. "నాకు రాదయ్యా. నన్ను ఇడిసిపెట్టు."

అరిచినందుకు జయరాజు ప్రాణం ఉసూరుమంది. తువ్వాలుతో ఆమె ముఖం తుడిచాడు. "ఏడవద్దులే. ఇంద, మడత పెట్టు."

ఆమె చేతులు టకటకా రెండు మడతలు పెట్టాయి. ఎంత ముచ్చటగా పెట్టాయో! జయరాజు ముఖం వెలిగిపోయింది.

"అదీ! అట్లనే! ఇంకోటి పెట్టు."

"ఏం పెట్టాల?" అంది లూదియా.

శనివారం మధ్యాహ్నానికి అతనికి ఒక ఉపాయం తట్టింది. గెస్టుహౌసులో దొరలు వదిలిపోయిన పాత ఫ్రిజ్జు ఉంది. అందులో పైన ఐసు గూడు ఉంది. ఇంట్లో తనే చేసేసి, బటరు పేపర్లో చుట్టి, ఆ గూట్లో గడ్డ కట్టిస్తే సరి. పొద్దున లూదియా పెనం మీద పెట్టి, మూత వేసి, సన్నసెగన వేడి చేస్తే చాలు.

పొద్దుగూకేదాకా ఆ ముక్కే వల్లె వేయించాడు. "తీయాల, పెనం మీద పెట్టాల, మూత వేయాల." ఆమె బళ్లో పిల్లలా అప్పజెప్పింది.

ఆదివారం వచ్చింది. వంటింట్లోకి పనివాళ్లు తప్ప ఎవరూ రాకూడదని రాజరత్నం గారి కట్టడి. జయరాజు కిటికీ బయట చీపురు పట్టుకొని ఊడ్చిన చోటే ఊడుస్తున్నాడు.

లూదియా పొట్లాలు తీసింది. విప్పింది. పెనం వైపు చూసింది. చేతిలోని వాటి వైపు చూసింది. మళ్లీ ఐసు గూట్లో పెట్టబోయింది. గుమ్మంలో రాజరత్నం గారు నిలబడి ఉన్నారు.

"పెనం మీద... పెనం మీద..." అన్నాడు జయరాజు, నేలకేసి చూస్తూ.

"ఎవరితో మాట్లాడుతున్నావు జయరాజూ?"

"ప్రార్థన చేసుకుంటాండా సార్."

లూదియా వాటిని పెనం మీద పెట్టింది.

"మూత ప్రభువా, మూత!" అన్నాడు జయరాజు. ఆమె మూత వేసింది.

అప్పుడే దొరసాని నేరుగా వంటింట్లోకే వచ్చేసింది. నెరిసిన జుట్టు, ముఖమంతా నవ్వు. లూదియా వైపు రెండు చేతులూ చాచింది.

లూదియా కొంగుతో చేతులు తుడుచుకొని మర్యాదగా అడిగింది. "ఎవరమ్మా నువ్వు?"

దొరసాని చేతులు అలాగే ఆగిపోయాయి. రాజరత్నం గారు గబగబా కల్పించుకొని, ఇంగ్లీషులో ఏదో సర్దిచెప్పి, ఆమెను భోజనాల గదిలోకి తీసుకెళ్లారు. కిటికీ బయట జయరాజు కళ్లు మూసుకున్నాడు. ఈసారి నిజంగానే ప్రార్థన చేశాడు.

కాసేపటికి రాజరత్నం గారు నవ్వుతూ వచ్చారు. "ఒక్క ముక్క మిగల్చలేదప్పా! లూదియమ్మ ఉన్నన్నాళ్లూ ఆ ఇల్లు ఆమెదేనని, ఎవరూ ఖాళీ చేయించకూడదని దొరసాని మరీ మరీ చెప్పింది."

జయరాజు చీపురు వదిలేసి వెనక మెట్టు మీద కూలబడ్డాడు. ఏడుపొచ్చింది. ఏడ్చాడు.

ఎవరో వచ్చి పక్కన కూర్చున్నారు. చూస్తే దొరసాని. ఆమె కళ్లూ ఎర్రగా ఉన్నాయి. అచ్చం నంద్యాల తెలుగులో, మెల్లగా అడిగింది.

"పొయ్యి ముట్టించడం కూడా రాకుండా ఈ ఊరొచ్చిన నాకు ఈ గుడ్డు బిస్కత్తు చేయడం నేర్పింది లూదియక్కే కదా జయరాజన్నా, మరి నన్ను పట్టుకొని ఎవరమ్మా నువ్వని అడుగుతాదేంది?"